కాలర్ల పిల్ల చెయ్యి

ఆయన కొట్లో అడుగుపెట్టేసరికి అక్క నోటి నిండా గుండుసూదులున్నాయి. ఎవరిదో కోటు నడుం దగ్గర వదులు తగ్గిస్తూ, ఒక్కో సూదీ పెదాల మధ్యనుంచి తీసి గుడ్డకు గుచ్చుతోంది. నోట్లో సూదులున్నంతసేపూ అక్క ఎవరినీ ఏమీ అనదు. ఆ వీధికి రోజు మొత్తం మీద దొరికే విశ్రాంతి అదే. ఆ పూట కూడా అలాగే ఉండిపోతే ఎంత బాగుండేదో. ఉండలేదు. సూదులన్నీ దిండుకు గుచ్చేసి, "ఏం కావాలి?" అంది.

వచ్చినాయన కాలేజీ మేష్టారు. పాఠాలు చెప్పి పేరు తెచ్చుకున్న మేష్టారు కాదు. యుద్ధాల్లోంచో, జైళ్ళలోంచో, ప్రమాదాల్లోంచో ప్రాణాలతో బయటపడ్డవాళ్ళు రాసుకున్న పుస్తకాలు ముందేసుకుని, వాటిలో తప్పులు ఏరడం ఆయన పని. బియ్యం ఏరేవాళ్ళు రాళ్ళు పారేసి బియ్యం ఉంచుకుంటారు. ఈయన బియ్యం పారేసి రాళ్ళు దాచుకుంటాడు. ఆ రాళ్ళతోనే అంత పేరూ కట్టుకున్నాడు. అక్క స్టూలు చూపిస్తే రుమాలుతో ఈ చివరనుంచి ఆ చివరకు తుడిచి మరీ కూర్చున్నాడు. ఒకళ్ళ చావు కబుర్లమీద బతికే మనిషికి కాస్త దుమ్ము పనికిరాలేదు.

"మీ చెల్లెలుగారి పుస్తకం చదివారా అండీ?"

"నేను చదవడమెందుకు? అక్కడ నేనూ ఉన్నానుగా."

మేష్టారి మొహం వెలిగింది. అక్క చూసింది గాని, ఎందుకు వెలిగిందో ఆలోచించలేదు.

పాతికేళ్ళ కిందట ఆ ఊళ్ళోనే చొక్కాలు కుట్టే ఫ్యాక్టరీ ఒకటి కాలిపోయింది. పై అంతస్తులో కుడుతున్న ఆడపిల్లల్లో చాలామంది పోయారు, కొద్దిమంది మిగిలారు. మిగిలినవాళ్ళలో ఈ అక్కాచెల్లెళ్ళూ ఉన్నారు. ఆడపిల్లలు గుడ్డ దొంగిలిస్తారని పనివేళల్లో వెనక మెట్ల తలుపుకు బయటినుంచి తాళం వేసేవాళ్ళు. అబ్బే, తాళమే లేదు, వేడికి తలుపు బిగుసుకుపోయిందన్నారు యజమానులు. పగలగొట్టిన తలుపూ తాళమూ ఎటో పోయాయి, వాటి వెనకే విచారణ కూడా పోయింది. ఇన్నేళ్ళకు చెల్లెలు పుస్తకం రాసింది. జనం చదివి ఏడ్చారు. అప్పటిదాకా గుర్రుపెట్టి నిద్రపోయిన నగర సంఘం ఉలిక్కిపడి లేచి, ఆ స్థలంలో ఇప్పుడున్న సోఫాల షోరూం గోడకు ఒక రాతిపలక పెడతామంది. 'తలుపుకు తాళం వేసి ఉన్నందున మరణించిన' అన్న మాట పలక మీద ఉండాలని చెల్లెలు పట్టుబట్టింది. ఉండాలో వద్దో తేల్చే సమావేశం ఆ శుక్రవారమే. పుస్తకం ఎంతవరకు నమ్మొచ్చో చెప్పమని సంఘంవాళ్ళు పిలిచి పెద్దపీట వేసింది ఈ మేష్టారికే.

మేష్టారు సంచిలోంచి పుస్తకం తీశాడు. అట్ట మీద చెల్లెలు చెంపకు చెయ్యి ఆనించుకుని, పంటి డాక్టరు కోసం కాచుకున్నదానిలా ఉంది. రంగు కాగితాలు అంటించి పెట్టుకున్న పేజీ ఒకటి తెరిచి, పాఠం చెబుతున్నట్టు చదివాడు.

"'కత్తిరింపుల బల్ల కింద కాలర్ల పిల్ల చెయ్యి పట్టుకుని పడుకున్నాను. అంత మంటలోనూ ఆమె వేలికున్న తొడుగు చల్లగా తగిలింది. కాసేపటికి ఆ చెయ్యి వదులైపోయింది. మా అక్క ఆ పూట కింద ఇస్త్రీ గదిలో ఉంది, అదృష్టవంతురాలు.'"

అక్క చేతిలో కోటు ఉన్నది ఉన్నట్టు ఒళ్ళో పడింది.

ఆ ఫ్యాక్టరీలో ఏ చొక్కానూ ఒక మనిషి కుట్టదు. ఒకతె కాలర్లు కుడితే ఇంకొకతె జేబులు, మరొకతె బొత్తాలు. కుట్టేదాన్ని బట్టే పిలుపులు కూడా. అక్క భుజాలు కుట్టేది, చెల్లెలు జేబులు. కాలర్ల పిల్ల అందరికన్నా చిన్నది. దాని చెయ్యి, సూది గుచ్చుకోకుండా పెట్టుకునే ఆ వేలి తొడుగు, ఆ వదులైపోవడం, ఇవన్నీ అక్క ఎవరికీ చూపించకుండా దాచుకున్నవి. కట్టుకున్నవాడికి కూడా పెళ్ళయిన చాలా ఏళ్ళకు గాని చెప్పలేదు. అలాంటిదాన్ని, తొడుగుతో సహా, ఈ రచయిత్రిగారు అచ్చువేసి అమ్ముకుంటోంది. పైగా తను అదృష్టవంతురాలట.

"అబద్ధం," అంది అక్క. "దాని చెయ్యి పట్టుకున్నది నేను. ఇస్త్రీ గదిలో మనిషి తక్కువైందని ఆ పూట కిందికి పంపించింది దాన్ని."

మేష్టారు ఎప్పుడు పెట్టాడో మరి, టేపు రికార్డరు బల్ల మీద ఎర్రదీపం వెలిగించుకుని కూర్చుని ఉంది.

"అంటే ఆవిడ ఆ హాల్లోనే లేరంటారు."

"లేదంటున్నాగా. ఆసుపత్రిలో నేను చెప్పుకుని ఏడ్చినవన్నీ చెవులు రిక్కించి విని దాచుకుంది. చిన్నప్పట్నించీ అంతే, నా వస్తువు కనబడితే దాని చెయ్యి ఊరుకోదు."

ఆయన ఇంకొక్క ప్రశ్న అడగలేదు. తలుపు ఊసెత్తలేదు. అక్కా ఎత్తలేదు. తలుపుకు తాళం ఉందని ఎవరికైనా చెప్పాల్సి వస్తుందని ఆవిడ బుర్రకు తట్టనే లేదు. మేష్టారు కనీసం వెళ్ళొస్తానని కూడా అనకుండా, కోడిని చంకలో పెట్టుకున్నవాడిలా టేపు పట్టుకుని పోయాడు.

ఆ సాయంత్రం అక్క మొగుడు బస్సు డ్యూటీ దిగి ఇంటికొచ్చేసరికి అక్క ఇంకా బుసలు కొడుతూనే ఉంది. విషయమంతా విని ఆయన చొక్కా విప్పి తగిలించుకుంటూ, "నేను చదివాన్లే ఆ పుస్తకం," అన్నాడు.

"ఎప్పుడు చదివావు?"

"బస్సు ఆగినప్పుడల్లా. డిపోలో అందరూ చదివారు. నువ్వు చెప్పిందే అందులోనూ ఉంది. అక్షరం తేడా లేదు."

"అదే మొర్రో అంటున్నా. నాది కాబట్టే తేడా లేదు."

"అదీ అలాగే అంటుందేమోనే," అన్నాడాయన నెమ్మదిగా. ఆయనకు ఎదురుగా లారీ వస్తే పక్కకు తప్పుకోవడం అలవాటు. ఆ మాట అనేసి ఊరుకున్నాడు.

రెండు రోజులు తిరగకుండా పత్రికలో పడింది. 'సొంత అక్కే కాదంటున్న జ్ఞాపకం' అని పైన పెద్ద అక్షరాలు. అక్క కొట్లోనే నిలబడి చదివింది. మొదటి పేరాలో తన మాటలు చూసుకుని గర్వపడింది కూడా, దాచడమెందుకు. రెండో పేరా, మూడో పేరా బాగానే ఉన్నాయి. చివర్లో మేష్టారు తీరిగ్గా కాలు మీద కాలేసుకుని తీర్పు చెప్పాడు. రచయిత్రి ఆ హాల్లోనే లేదని సొంత అక్కే చెబుతోంది గనక, తాళం సంగతికి ఈ పుస్తకం తప్ప వేరే ఆధారం లేదు గనక, నమ్మకంలేని మాటను రాతి మీద చెక్కడం చరిత్రకు అపచారమని తేల్చాడు. పక్కన సోఫాల షోరూం యజమాని ఫోటో వేశారు. పాత ఫ్యాక్టరీ యజమాని కొడుకే ఆయన. చనిపోయినవాళ్ళంటే తమ కుటుంబానికి ఎప్పుడూ గౌరవమేనట. పళ్ళు ఎంచక్కా కనబడుతున్నాయి.

అక్క మళ్ళీ మొదట్నించి చదివింది. తాళం లేదని తను ఎక్కడా అనలేదు. అన్నట్టు ఆయనా రాయలేదు. అయినా తాళం పోయింది. ఎక్కడ జారిందో తెలియడం లేదు.

అప్పుడే ఫోను మోగింది. చెల్లెలు. పలకరింపు లేదు, ఏడుపు లేదు.

"ఆ చెయ్యి నీదేనంటే నువ్వే తీసుకో అక్కా. నేను అడిగానా? తలుపెందుకు వాళ్ళ చేతుల్లో పెట్టావు?"

అంతే, పెట్టేసింది. అక్కకు రోషం పొడుచుకొచ్చింది. చెయ్యీ తనదే, తలుపూ తనదే, రెండూ రుజువు చేసి ఇద్దరి నోళ్ళూ మూయిస్తానని కొట్టుకు తాళం వేసి బయల్దేరింది. సాక్షి ఒకతె ఉంది. బొత్తాలు.

బొత్తాలు కుట్టడం మానేసి ఏళ్ళయినా ఆవిడకు ఆ పిలుపే ఉండిపోయింది. ఇప్పుడు హోటళ్ళ బట్టలుతికే లాండ్రీలో దుప్పట్లు మడతపెడుతోంది. ఆవిరి కమ్ముకున్న గదిలో కొండలా పోసిన తెల్లదుప్పట్ల వెనకనుంచి అక్కను చూసి, ఏళ్ళ తర్వాత కలిసినదానిలా కాక, "వచ్చావా, ఆ చివర పట్టుకో," అని దుప్పటి అంచు చేతికిచ్చింది.

ఇద్దరూ సాగదీశారు, దులిపారు, దగ్గరకొచ్చి అంచులు కలిపారు.

"శుక్రవారం నాతో రావాలి," అంది అక్క. "కాలర్ల పిల్ల చెయ్యి పట్టుకున్నది నేనేనని చెప్పాలి."

"నేనూ పట్టుకున్నాగా."

"ఏంటీ?"

"బల్ల కింద. నా ఈ చేతికి ఇప్పటికీ తెలుస్తుంది. వేలి తొడుగు చల్లగా ఉండటం, చెయ్యి వదులవడం, అన్నీ." బొత్తాలు మడత మీద అరచేత్తో రాసి, ఇంకో దుప్పటి అందుకుంది. "చాలా ఏళ్ళు అలాగే ఉన్నాను. తర్వాత ఒకరోజు ఇక్కడే నిలబడి అనుకున్నాను. కాలర్లు మిషను మీద కుట్టే పిల్లకి వేలి తొడుగెందుకే? చేత్తో కుట్టేదాన్ని నేను. తొడుగు నాది."

అక్క చేతిలో అంచు జారింది. బొత్తాలు విసుక్కుని మళ్ళీ అందించింది.

"సరే, తొడుగు నీదే అనుకో. బల్ల కింద నేను ఉన్నమాట?"

"బల్ల ఎక్కడ, తలుపెక్కడ? హాలుకి అదో కొస, ఇదో కొస. తలుపు పగలగొట్టాక ముందు పడి ఉన్నవాళ్ళని లాగారు. లోపల్నించి ఒక్కళ్ళు వచ్చారా? వచ్చినవాళ్ళం ఎవరం? తలుపు బాదినవాళ్ళమే. బల్ల కింద ఉండుంటే ఇక్కడ దుప్పట్లు మడతపెట్టడానికి నేనుండేదాన్ని కాదు, నా బుర్ర తినడానికి నువ్వుండేదానివి కాదు."

"మరి చెల్లి?"

"నీ వెనకే. నీ చొక్కా గుప్పిట్లో పట్టుకుని. 'ఏడవకే, తోయి' అని దాన్ని తిట్టావు. అంత మంటలోనూ నీ నోరు నోరే."

"అది కింద ఉంది," అంది అక్క. అనడమైతే అంది గాని, తోడు వచ్చినవాళ్ళు వెనక్కి తగ్గినట్టు గొంతు తగ్గిపోయింది.

"ఉందనే అనుకో. నేనొద్దన్నానా?" బొత్తాలు మొహం తుడుచుకుంది. "ఆసుపత్రిలో మనకి కళ్ళకి కట్లు. మంచాలు వరసగా. ఒకతె మొదలెట్టేది, ఆవిడ ఆయాసంతో ఆపితే పక్క మంచంది అందుకునేది, అది ఆపితే ఇంకోతె. మనకి తెలిసిన పని అదొక్కటేగా. చొక్కా కుట్టినట్టు కుట్టేశాం. ఇప్పుడొచ్చి ఈ కుట్టు నాది, ఆ కుట్టు నాది అంటే నేనేం చెప్పను?"

బట్టలు విప్పి మళ్ళీ కుట్టడమే అక్క బతుకు. ఎంత మొండి కుట్టయినా దారం కొస దొరికితే చర్రుమని లాగేస్తుంది. లాండ్రీనుంచి ఇంటిదాకా నడిచొస్తూ ఆ కొస కోసం వెతికింది. బల్ల కింద చీకటి కనిపిస్తోంది, చెయ్యి తెలుస్తోంది, తొడుగు తెలుస్తోంది. అక్కణ్నుంచి తలుపు దగ్గరికి ఎలా వచ్చిందో మాత్రం లేదు. ఇన్నేళ్ళలో ఒక్కసారైనా ఆ సంగతి తనను తాను అడగలేదు. మేష్టారిని తిట్టింది, చెల్లెల్ని తిట్టింది, చివరికి తిట్టడానికి ఎవరూ మిగలక ఊరుకుంది.

శుక్రవారం నగర సంఘం గదిలో పొడుగాటి బల్ల, బల్ల నిండా నీళ్ళ సీసాలు. పలక సంగతికి ముందు వీధి దీపాల స్తంభాలకు బూడిదరంగు వేయాలా, ఆకుపచ్చ వేయాలా అని పెద్దమనుషులు గంటసేపు గొంతులు చించుకున్నారు. చచ్చిపోయిన ఆడపిల్లల దగ్గరికొచ్చేసరికి అందరికీ భోజనాల వేళయింది. అధ్యక్షుడు గడియారం చూసుకుంటూ మొదలెట్టాడు. చెల్లెలు గోడవారగా కూర్చుని ఉంది. అట్ట మీద ఫోటోకన్నా బాగా చిక్కిపోయింది. అక్క వైపు చూడలేదు.

మేష్టారు లేచి జ్ఞాపకం గురించి ఉపన్యసించాడు. మనసుకు దెబ్బ తగిలినవాళ్ళు తమకు తెలియకుండానే కల్పించుకుంటారని, వాళ్ళ తప్పేం లేదని, పాపం అని. ఆ పాపం అన్న మాట దగ్గర గొంతు తేనె పూసినట్టుంది. అక్కకు ఒళ్ళంతా కంపరమెత్తింది.

"ఆ అక్కను నేనే," అంటూ లేచింది. "ఈయన రాసిందాంట్లో ఒకటి సరిచెయ్యాలి. బల్ల కింద నేను లేను. ఆ పిల్ల చెయ్యి నేను పట్టుకోలేదు."

అంటుండగానే కుడిచెయ్యి దానంతటది ముడుచుకుంది. లోపల ఆ వేళ్ళు ఇంకా ఉన్నాయి. ఆ మాట అనడానికి ఆవిడకు ఎంత ఖర్చయిందో ఆ గదిలో ఎవరికీ తెలియదు, ఎవరికీ అక్కర్లేదు కూడా. చెల్లెలు మాత్రం తలెత్తింది.

మేష్టారు చిరునవ్వు నవ్వాడు. "మొన్న పట్టుకున్నానన్నారు. ఇవాళ లేదంటున్నారు. రేపేమంటారో."

"మొన్న మీరు చెయ్యి అడిగారు, చెయ్యి చెప్పాను. తలుపు అడగలేదు. ఇప్పుడడగండి."

ఆయన అడగలేదు. అడగడం ఆయనకు లాభం కాదు. అధ్యక్షుడే ఆవులింత మింగి, "సరే, తలుపేమిటమ్మా?" అన్నాడు.

"బిగుసుకుపోయిన తలుపు కదలదు. అది కదిలింది. తోసినప్పుడల్లా ఇంత సందు తెరుచుకుని ఆగిపోయేది." అక్క రెండు వేళ్ళు ఎడంచేసి చూపించింది. "ఆగినప్పుడల్లా అవతల ఇనుము ఖంగుమనేది. తోసిన ప్రతిసారీ. తాళం అది. నేను విన్నాను. నా వెనక నా చెల్లెలు కూడా తోసింది, అదీ వింది. లాండ్రీలో ఇంకొకావిడుంది, పిలిపించి విడిగా అడగండి. మా ముగ్గురిలో ఎవరు ఎవరి చెయ్యి పట్టుకున్నామో మాకు తెలీదు. ఆ చప్పుడు తెలుసు."

చెల్లెలు లేచి నిలబడి, "అవును, ఖంగుమనేది," అంది.

గదిలో కాసేపు నీళ్ళ సీసాల మూతలు తిరిగాయి. సోఫాలాయన అధ్యక్షుడి చెవిలో ఏదో చెప్పాడు. అధ్యక్షుడు గొంతు సవరించుకుని, ఇరుపక్షాల మనసూ నొప్పించకుండా 'తలుపు తెరుచుకోకపోవడం వల్ల మరణించిన' అని రాద్దామన్నాడు. పెద్దమనుషులు బాగుంది బాగుందన్నారు. భోజనానికి లేవబోయారు.

"తెరుచుకోకపోవడానికి తలుపేమన్నా అలిగిందా అయ్యా?" అంది అక్క.

వెనక వరసలో పత్రికలవాళ్ళు ఫక్కున నవ్వారు. ఒకడు ఆ ముక్క రాసుకున్నాడు కూడా. న్యాయానికి లొంగని అధ్యక్షుడు నవ్వుకు లొంగాడు. రేపు ఊరంతా ఆ అలక గురించి చెప్పుకుంటుందని ఊహించుకున్నాడేమో, మొహం కందగడ్డలా చేసుకుని, పాత మాటే ఉంచమని గుమాస్తాకు చెప్పాడు. తాళం రాతి మీదికి ఎక్కింది. ఎవరు వేశారో మాత్రం ఉండదు. మేష్టారు ఏమాత్రం నొచ్చుకోలేదు. ఈ మలుపు మీద ఇంకో వ్యాసం రాసుకోవచ్చన్న సంతోషంతో కాగితాలు సర్దుకుని, వెళ్తూ వెళ్తూ అక్కకు నమస్కారం కూడా పెట్టాడు.

బయట మెట్ల మీద అక్కాచెల్లెళ్ళు పక్కపక్కన నిలబడ్డారు. చెల్లెలే ముందు అంది.

"నువ్వు నిజంగా కింద ఉన్నావనే రాశానక్కా. ఒట్టు. నిన్ను ఇస్త్రీ గదిలో చూసినట్టే ఉంది నాకు. చొక్కా మడతపెడుతూ."

"నాకూ అంతే. నువ్వే కింద ఉన్నావు. నీ జడ కూడా కనబడుతుంది నాకు."

"ఇద్దరం ఒకళ్ళనొకళ్ళం కిందికి పంపించేశాం," అంది చెల్లెలు.

అక్కకు నవ్వొచ్చింది. ముక్కు చీదుకుని, ఆ బరువు దించుకుందామని తేలిగ్గా అనబోయింది. "పోనీలే. నేను కాకపోతే నువ్వు, నువ్వు కాకపోతే బొత్తాలు. ఎవరో ఒకళ్ళం పట్టుకున్నాంగా దాని చెయ్యి."

చెల్లెలు తన బూట్ల వంకే చూసుకుంది.

"ఇందాక నువ్వు లోపల 'పట్టుకోలేదు' అన్నావు చూడు, అప్పుడు గుర్తొచ్చింది," అంది. "ఆసుపత్రిలో నర్సు వచ్చి చెప్పింది, కాలర్ల పిల్ల బల్ల కింద దొరికిందని. నువ్వడిగావు, పక్కన ఎవరైనా ఉన్నారా అని."

"ఏమంది?"

"ఏమీ అనలేదు. నీ దుప్పటి సర్దిన చప్పుడైంది. వెళ్ళిపోయింది. ఆవిడ అటు వెళ్ళగానే నువ్వన్నావు, నేనున్నాను అని. తర్వాత నేనన్నాను. తర్వాత బొత్తాలంది. అలా చివరి మంచం దాకా అందరం అన్నాం."